మోకాళ్ళు మునగలేదు

అబ్బాసియాలో శుక్రవారమే ఆదివారం.
అద్దె విల్లా హాల్లో చాపలు పరిచి
సంఘం పాడుకుంటుంది,
పక్కింటి నిద్ర చెడకుండా, గొంతు తగ్గించి.
ఆ విల్లా స్నానాల గదిలో, అంచు పగిలిన తెల్లటి తొట్టిలో,
వడ్డీ కనకారావు మళ్ళీ పుట్టాడు.

నేను చూశాను. తువాలు పట్టుకునే పని నాది.
ఆగస్టు నెల. చన్నీళ్ళ కుళాయి తిప్పితే కాగిన నీళ్ళొస్తాయి.
ముందురోజు రాత్రే పట్టి ఉంచినా
పురిటి స్నానానికి కాచినట్టే ఉన్నాయి.
ఆరడుగుల మనిషి, నాలుగున్నర అడుగుల తొట్టి.
పాస్టరు ఏసుదానంగారు తల ముంచితే మోకాళ్ళు లేచాయి,
మోకాళ్ళు అదిమితే ముక్కు తేలింది.
నాకు నవ్వాగక తువాల్లో మొహం దాచుకున్నాను.
మూడోసారికి ఆయనే అలిసిపోయి
"చాల్లే, దేవుడు చూశాడు" అన్నారు.

ఈ మనిషి ముందెలా ఉండేవాడో చెప్పాలి.
వందకి నెలకి పది దినార్లు.
తాకట్టు, బ్యాంకు కార్డు.
జీతాలు పడిన రాత్రి ఏటీఎం ముందు
పద్నాలుగు కార్డులు పేకముక్కల్లా పట్టుకుని నిలబడేవాడు.
పద్నాలుగు పిన్నులూ నోటికొచ్చు,
ఎక్కాలు అప్పజెప్పినట్టు.
మాకు మిగిల్చేది ఖుబ్బూస్‌కి, ఫోన్ రీచార్జికి.
కింద మంచం గంగులు జ్వరంతో మూలిగిన నెల కూడా
వాయిదా తప్పలేదు.
గంగులు పెట్టెలో ఇంటికెళ్ళిన నెల కూడా.

ఆ శుక్రవారం తల తుడుచుకోకుండానే రూముకొచ్చి
దిండు గలీబులోంచి కార్డులు తీసి
ఎవరి మంచం మీద వాళ్ళది పెట్టాడు.
ఎవరం మాట్లాడలేదు. ఏసీ ఒక్కటే గురక పెడుతోంది.
"పిన్నులు మార్చుకోండి" అన్నాడు.
"మర్చిపోదామని చూశాను. కుదర్లేదు.
నేను మునిగినా అంకెలు తేలుతున్నాయి.
మీరే మార్చుకోండి."

పై మంచం అప్పల్నాయుడు కాళ్ళూపుకుంటూ,
"యాభై రెండేళ్ళకి పుట్టావు, పాలు పట్టాలా కనకం?" అన్నాడు.
"పట్టు" అన్నాడు వీడు. "ఆకలిగానే ఉంది."

పేరు మారలేదు. బతాకా మీద అదే పేరు, అదే ఫొటో,
అదే కఫీలు, అదే అకామా గడువు.
కోపం కూడా అదే.
మొన్న బాత్రూం లైన్లో ఒకడి కాలరు పట్టుకున్నాడు.
కాసేపటికి వెళ్ళి వాడి బకెట్ నింపి పెట్టాడు.

సంఘంలో సాక్ష్యం చెప్పమన్నారు.
అందరూ చీకటనీ వెలుగనీ చెబుతారు కదా,
వీడు జేబులోంచి చీటీ తీసి
ఎవరి దగ్గర ఎంత తిన్నాడో చదివాడు.
గంగులు పేరు దగ్గర ఆగాడు.
వెనక ఇంకేదో రాసున్నట్టు చీటీ తిప్పి చూశాడు.
కూర్చున్నాడు.
ఆమెన్ అనడం ఎవరికీ తోచలేదు.

గంగులు భార్య నీలవేణికి నెలనెలా డబ్బు పంపుతున్నాడు.
ఆమె ఒక్కసారే ఫోనెత్తింది.
"పంపితే పంపు. క్షమించానని మాత్రం రాసుకోకు."
స్పీకర్లో అందరం విన్నాం.
"రాసుకోనమ్మా" అన్నాడు,
"రాసుకోవడం మానేశాను."

రాత్రి రెండింటికి మెలకువొస్తే
మంచాల మధ్య జానెడు సందులో వంగి ఉంటాడు.
ఇంకా ఏం మిగిలిందిరా అని అడిగాను ఓసారి.
"ఆవేళ మోకాళ్ళు మునగలేదు కదా" అన్నాడు.
"ఇవింకా పాతవే. అందుకే వీటినే నేలకి ఆనిస్తున్నా."

నేను ఆ సంఘం మనిషిని కాను.
తువాలుకి పిలిస్తే వెళ్ళాను, అంతే.
నాకు రావలసిన నలభై దినార్లు చేతిలో పెట్టినప్పుడు
వాడి ఎదురుగానే లెక్కపెట్టాను, రెండుసార్లు.
ఒకటి ఎక్కువుంది.
చెప్పలేదు.

పిన్ను ఇంకా మార్చలేదు. బద్ధకమో, మరేదో.
ఏటీఎం ముందు ఆ నాలుగంకెలూ నొక్కుతుంటే
నాకంటే బాగా వీటిని ఎరిగినవాడు
ఈపాటికి రూములో అందరికీ టీ కాస్తుంటాడని గుర్తొస్తుంది.
ఆ ఒక్క దినారు
నా పర్సులోనే ఉంది, మడత విప్పకుండా.